నా నవ్వు అతికించిన చోటు

మా అమ్మాయి సినిమాలు తీస్తుందంటే అందరూ హీరో ఎవరని అడుగుతారు. పదకొండేళ్లు అది తీసినవాటిలో హీరోలు లేరు. మురుగుకాలువల్లో దిగేవాళ్లు, మూతబడ్డ మిల్లులు, చివరికి వాళ్ల నాన్న. ఆయన రాళ్లు కోసే కార్ఖానాలో పనిచేసి ఊపిరితిత్తుల నిండా దుమ్ము నింపుకుని పోయారు. ఆ డాక్యుమెంటరీకి ఒక జ్ఞాపిక వచ్చింది. చూసినవాళ్లు మాత్రం మా ఇంట్లోవాళ్లే.

ఇప్పుడు స్టాండప్ కామెడీలు తీస్తోంది. ఒక మనిషి మైకు పట్టుకుని గంటసేపు నవ్విస్తాడు, ఇది ఐదు కెమెరాలు పెట్టి పట్టుకుంటుంది. ఈసారి నన్నూ హాలుకి తీసుకెళ్లింది. షో ఇంకా మొదలవలేదు. పైన వేలాడే లైట్లనే చూస్తూ కూర్చున్నాను. ఒక్కటి ఊడినా కింద మా అమ్మాయి కుర్చీయే ఉంది.

లైట్లాయన వచ్చి, "అమ్మా, కెమెరాలో వెలుతురు సరిచూసుకుంటున్నాం. ఒకసారి గట్టిగా నవ్వరా?" అన్నాడు.

"దేనికి నాయనా?"

"ఊరికేనమ్మా. దేనికో ఒకదానికి."

నవ్వకపోతే మా అమ్మాయి పనికి అడ్డమవుతానేమోనని భయమేసింది. భయమేస్తే నాకు నవ్వు ఆగదు. ఆస్పత్రిలో మావారి ఆపరేషన్ కాగితం మీద సంతకం పెట్టమన్నప్పుడూ అలాగే నవ్వాను.

రెండు వారాల తర్వాత ఎడిటింగ్ గదిలో కూర్చోబెట్టి చూపించింది. నేల నిండా వైర్లు. షాకు కొడుతుందని కాళ్లు కుర్చీ మీదికి లాక్కున్నాను. తెరమీద గళ్లచొక్కా వేసుకున్న ఆ కమెడియన్ అంటున్నాడు: "మా డైరెక్టర్ గారింటికి కాలింగ్ బెల్ లేదండీ. వాళ్ల నాన్నగారు సందు మొదట్లో దగ్గితే ఇంట్లో కంచం పెట్టేసేవారు. ఆయన పోయాకే బెల్లు కొన్నారు."

వెంటనే నా ముఖం. పళ్లన్నీ బయటపెట్టి నవ్వుతోంది. హాల్లో ఆ మాట విన్నప్పుడు నేను తల దించుకుని కొంగు వేలికి చుట్టుకుంటున్నాను.

"ఇది లైట్లాయన నవ్వమంటే నవ్వింది కదే. తీసెయ్యి."

"తీసేస్తే జనం వాణ్ణి తిట్టిపోస్తారమ్మా. పోయినాయన భార్యే నవ్విందని చూస్తేనే అందరూ నవ్వుతారు."

"అంటే వాడికి నేను పూచీకత్తా?"

"శుక్రవారం విడుదల. ఇది పోతే నాకు మళ్లీ మురుగుకాలువలే. నీకిష్టమా?"

"ఆ జోకు మీ నాన్నదే," అన్నాను. "నువ్వు డాక్యుమెంటరీ తీసేటప్పుడు నేను కంచం సంగతి చెప్పి ఏడిస్తే, పక్కనుంచి ఆయన, 'నా దగ్గే నాకు కాలింగ్ బెల్లు' అని దగ్గుతూనే పగలబడి నవ్వారు. ఆ ముక్క ఎందుకు పెట్టలేదే?"

"ఆయన నవ్వితే చూసేవాళ్లకు జాలెలా వేస్తుందమ్మా?"

"సరే. నా ముఖం ఉంచుకో. దానికి ముందు ఆ ముక్క పెట్టు. ఆయన మాటకు నేను నవ్వినట్టు ఉంటుంది. అలా అయితే నాకేం బాధలేదు."

మౌస్ మీద దాని చెయ్యి కదల్లేదు.

"లేదమ్మా. డాక్యుమెంటరీలో వాడని ముక్కలున్న డిస్కులన్నీ చెరిపేశాం."

"ఎప్పుడు?"

"ఈ షో కోసమే. ఐదు కెమెరాలకు చోటు చాల్లేదు."

లైటు ఊడుతుందని, షాకు కొడుతుందని, రాత్రింబవళ్లు తిరిగి దీనికి జబ్బు చేస్తుందని, నేను భయపడనిది లేదు. ఈ ఒక్కటి తట్టలేదు.

శుక్రవారం మా తోటికోడలు ఫోన్ చేసింది. "చూశానక్కా. బావగారు పోయాక నువ్వింతగా నవ్వడం ఇదే చూడ్డం. ఎలా నవ్వావు అలా?"

"జోకు బాగుందిలే," అన్నాను. కాదంటే మా అమ్మాయి పనికి అడ్డమవుతాను.