గురువుగారి క్లోజప్

సీరియల్లో ఎవరైనా గట్టిమాట అనగానే, విన్నవాళ్ళ మొహం మీదికి కెమెరా మూడుసార్లు ఎందుకు వెళుతుందో చెప్పండి చూద్దాం. కథ సాగదీయడానికా? నిజమే. కానీ అప్పట్లో వచ్చిన గురువుగారి సీరియల్లో మాత్రం ఆ కాస్త ఆగడం జనానికి పనికొచ్చేది.

ఆ గురువు తాగేవాడు. ప్రార్థన మందిరంలోనే సిగరెట్ వెలిగించేవాడు. "దేవుడు నాతోనే మాట్లాడ్డం మానేశాడు, మీకేం చెప్పను?" అని భక్తుల్ని కసిరేవాడు. అతని మొహం తెరనిండా వచ్చి ఆగినప్పుడు, ఇళ్ళల్లో కూర్చున్నవాళ్ళు ఏదైనా అడిగితే, ఎవరి టీవీలో వాళ్ళకి జవాబు చెప్పి మళ్ళీ కథలోకి వెళ్ళిపోయేవాడు. ఎక్కువగా "నాకు తెలీదు" అనేవాడు. అందుకే అందరూ నమ్మారు.

మా పక్కవాటాలో ఇస్త్రీ చేసే ఆవిడ అత్తగారితో ఉండేది. మొగుడు చేపల పడవలో వెళ్ళి తిరిగి రాలేదు. పట్నంలో పెద్ద లాండ్రీవాళ్ళు ఆవిడకి పనీ, ఉండడానికి గదీ ఇస్తామన్నారు. ఇద్దరూ వెళ్ళాక ఆయనొచ్చి తాళం చూసుకుని వెనక్కి పోతాడేమోనని ఆవిడ కదల్లేదు.

సీరియల్ ఆఖరి రోజు వచ్చింది.

"ఇవాళ అడుగుతాను అత్తయ్యా."

"అడక్కు. అడగనంత కాలం వాడు ఉన్నట్టే."

"ఎదురింటి తాతగారు రోజూ మోకాళ్ళ గురించి అడగట్లా?"

"ఆయన మోకాళ్ళు ఆయనవి. వాడు నా కొడుకు."

తెరమీద శిష్యులు గురువుని బయటికి గెంటేశారు. చెప్పులు చేత్తో పట్టుకుని మెట్లమీద కూలబడ్డాడు. మొహం దగ్గరికొచ్చింది.

"గురువుగారూ, మా ఆయన వస్తాడా?"

అతను ఆవిడ వైపు చూడలేదు. ఆవిడ భుజం మీదుగా వెనక మంచం వైపు చూశాడు.

"మీ అత్తగారిని అడుగు తల్లీ. ఆవిడకి తెలుసు."

తెరమీద పేర్లు పడ్డాయి. ముసలావిడ మంచం దిగింది. పరుపు కిందనుంచి ఉప్పునీటికి బిరుసెక్కిన చొక్కా తీసింది.

"పక్క రేవులో దొరికాడు. అక్కడే పూడ్చారు. నువ్వు బట్టలివ్వడానికి వెళ్ళినప్పుడు ఇది తెచ్చిచ్చారు. తెలిస్తే నువ్వు వెళ్ళిపోతావు, ఇక నాకెవరున్నారే?"

కోడలు చొక్కా అందుకుంది. ఇస్త్రీపెట్టె వేడిచేసింది. ముందు కాలరు, తర్వాత చేతులు, చివరికి వీపు. ఎవరో ఇచ్చిన బట్టలా జాగ్రత్తగా మడతపెట్టి అత్తగారి ఒళ్ళో ఉంచింది. మర్నాడు పట్నం బస్సెక్కింది.

అత్తగారిని తీసుకెళ్ళిందా అని అడుగుతారు, తెలుసు. తీసుకెళ్ళలేదు.

ముసలావిడ ఆ తర్వాత వచ్చిన సీరియళ్ళన్నీ చూసింది. ఎవరి మొహం తెరనిండా వచ్చినా, "కోడలు వస్తుందా?" అని అడిగేది. వాళ్ళు కళ్ళార్పేవాళ్ళు, అంతే.

ఇక లేవండి, కాళ్ళు తీయండి. ఆ గది సగం ఊడ్చి వదిలేశాను.