ఆరు నిమిషాల చేప

గ్రిల్లు కింద కొరమీను ముక్కల అంచులు నల్లబడుతున్నా రాజమల్లు చేతులు కట్టుకుని చూస్తూ నిలబడ్డాడు. పైనుంచి మంట కురుస్తోంది. ముక్కల్లోంచి కారిన రసం తట్టలో చిటపటలాడి ఇంకిపోయింది. ఆ చప్పుడు ఆగిందంటే చేప ఎండిపోతున్నట్టే. అయినా ఇంకో ఐదు నిమిషాలు తియ్యకూడదు. గోడకు అంటించిన కాగితం మీద అలాగే ఉంది: చేప పన్నెండు నిమిషాలు, మటన్ చాప్స్ ఇరవై ఐదు.

అంటించింది కొత్త మేనేజర్ శశికిరణ్. ‘మాంసం పచ్చిగా ఉంది’ అని తిన్నవాడెవడో ఫోన్లో హోటల్ గురించి అందరికీ కనబడేలా రాశాడట. అప్పటినుంచీ నాంపల్లి స్టేషన్ దగ్గరి ఆ హోటల్లో చేపా చెక్కే, చాప్సూ చెక్కే.

ఇరవై రెండేళ్లుగా ఆ మంట ముందే నిలబడ్డ మనిషి రాజమల్లు. ముంజేతుల మీద వెంట్రుకన్నది లేదు. ముక్కను వేలితో నొక్కితే చాలు, లోపల ఎంత ఉడికిందో తెలిసిపోతుంది.

“ఆరు నిమిషాలకే చేప అయితది సార్. ఇంకా పెడితే గొంతు దిగది,” అని పొద్దున కూడా చెప్పి చూశాడు.

“మీరు గడియారం చూసి తీయండి చాలు. ఆలోచించక్కర్లేదు.”

ఆలోచించక్కర్లేదట! ఆ మాట పొద్దుటినుంచీ అతని ఒంట్లో కుతకుతలాడుతోంది. చాప్స్‌ని పట్టకారుతో తిప్పడం లేదు, విసురుతున్నాడు.

ఒంటిగంటకు నాగరత్నం వచ్చింది. బషీర్‌బాగ్‌లో లెక్చరర్‌గా చేసి రిటైరైన మనిషి. పద్దెనిమిదేళ్లుగా ప్రతి బుధవారం ఒక్కతే వచ్చి, అదే చేప తిని వెళుతుంది. రాజమల్లు ఆమెను వంటగది కిటికీలోంచి చూడటమే. ఆమె అతన్ని ఎప్పుడూ చూడలేదు.

నాలుగుసార్లు నమిలి, ముక్కను కంచం పక్కన పెట్టేసింది.

“వంటాయన మారాడా బాబూ?”

“లేదండీ, పాతాయనే,” అన్నాడు శశికిరణ్ నవ్వుతూ. “వయసైపోయింది కదా, చూపు ఆనట్లేదు. మాడ్చేస్తున్నాడు.”

కిటికీ ఇవతల రాజమల్లు చెవులు ఎర్రబడ్డాయి. ఒక్క క్షణం పట్టకారు విసిరేద్దామనుకున్నాడు. విసరలేదు. ఇంకో కొరమీను ముక్క తీసి మంట కింద పెట్టాడు. గడియారం వంక చూడలేదు. చిటపట సన్నగిల్లగానే తీసి, తనే పట్టుకుని హాల్లోకి నడిచాడు. ఇన్నేళ్లలో అతను తినేవాళ్ల ముందుకు రావడం అదే మొదలు.

“తినున్రి అమ్మా.”

ఆమె వేలు తగలగానే ముక్క పొరలుపొరలుగా విడిపోయింది. నోట్లో పెట్టుకుని కళ్లు మూసుకుంది.

“ఇన్నేళ్లూ వండింది నువ్వేనా నాయనా?”

“ఔనమ్మా. నా కండ్లు మంచిగనే ఉన్నయి.”

“మిమ్మల్ని బయటికి ఎవరు రమ్మన్నారు?” అంటూ కౌంటర్ దగ్గర శశికిరణ్ లేచాడు.

“అబద్ధం నువ్వాడి, మాడిన చేప నా నెత్తిన పెడ్తవా?” రాజమల్లు గొంతు హాలంతా వినబడింది. “రేపటిసంది గా గడియారంతోనే వండించుకో!”

ఏప్రాన్ విప్పి కౌంటర్ మీద పడేసి, ఎండలోకి దిగి అబిడ్స్ వైపు విసవిసా వెళ్లిపోయాడు. అతను ఆగుతాడేమోనని నాగరత్నం గుమ్మం దాకా వచ్చింది. ఆగలేదు.

వంటగదిలో గ్రిల్లు తట్ట పిడికి, చెయ్యి కాలకుండా అతను చుట్టుకున్న పాత లుంగీ గుడ్డ, నాలుగు వేళ్లు పడ్డచోట నాలుగు గుంటలతో, ఇంకా వెచ్చగానే ఉంది.