మూడో సెకను

అక్క స్కోరు పడిపోతున్నప్పుడు నేను ఆట పోతోందని గింజుకున్నాను. పోతున్నది అక్క అని తెలియడానికి నాకు ఏడాది పైనే పట్టింది. నా అంత మొద్దుమొహం ఇంకొకటి ఉండదు. ఈ మాట మా ఆయన అంటే ఊరుకోను కానీ, నేను మాత్రం రోజుకు నాలుగుసార్లు అనుకుంటాను.

అక్క పెద్దాసుపత్రిలో టెలిఫోన్ ఆపరేటరు. ముప్ఫయ్యొక్క ఏళ్లుగా అదే కిటికీ లేని గది, అదే కుర్చీ, చెవులకు అదే హెడ్‌ఫోను. ఆసుపత్రిలో ఉన్న నాలుగు వందల పైచిలుకు నంబర్లూ ఆమెకు నోటికి వచ్చు. అందుకే అక్కడ అందరూ ఆమెను డైరెక్టరీ అని పిలుస్తారు. ఆ కుర్చీలో కూర్చున్నవాళ్లు ‘తెలియదు’ అనకూడదట. తెలియకపోతే ‘ఒక్క క్షణం లైన్లో ఉండండి’ అని, ఆ క్షణంలోనే తెలుసుకోవాలట. ఇంట్లో పెళ్లి మాట ఎత్తితే మాత్రం ‘ఆ లైను బిజీ’ అని నవ్వి లేచిపోయేది.

అమ్మ పోయేనాటికి నాకు ఏడేళ్లు, అక్కకు పదిహేడు. నాకు జడలు వేసింది, బడికి పంపింది, చదువు ఎక్కకపోతే కుట్టుమిషను కొనిచ్చి ఒక దారికి తెచ్చింది. నా ముక్కు మీది కోపాన్ని అన్నేళ్లు భరించింది కూడా ఆమే.

ఇక ఆ ఆట. మధ్యాహ్నం సరిగ్గా ఒంటిగంటకు ఫోన్లో మొదలవుతుంది. పన్నెండు ప్రశ్నలు, ఒక్కోదానికి పది సెకన్లు, నాలుగు ఆప్షన్లలో ఒకటి నొక్కాలి. ఇద్దరిద్దరు ఒక జట్టు. ఇద్దరిలో ఎవరు ముందు నొక్కితే అదే జట్టు జవాబు. నొక్కడం ఆలస్యమయ్యే కొద్దీ పాయింట్లు కరిగిపోతాయి. ఎవరు ఎన్ని సెకన్లలో నొక్కారో తర్వాత తెర మీద చూపిస్తుంది. అక్క ఆసుపత్రిలో భోజనం డబ్బా పక్కన పెట్టుకుని, నేను షాపులో మిషను ఆపుకుని, చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని ఆడేవాళ్లం. ‘లైను కలుపు’ అనేది అక్క. అలా నాలుగేళ్లు ఒక్కరోజు కూడా మానలేదు.

ఆట నాకు నేర్పింది ఆమే. ప్రశ్న పూర్తిగా చదివేదాకా కూర్చోవద్దు, ముందు ఆప్షన్లు చూడు, ప్రశ్న సగం దానంతటదే తెలుస్తుంది అనేది. బొటనవేలు తెర మధ్యలో ఉంచమనేది, ఏ మూలకైనా ఒకటే దూరం కదా అని. ఊర్లు, అంకెలు, శరీరం, మందులు ఆమెవి. బట్టలు, వంట, చెట్లు, పాటలు నావి. ఒకరి వాటాలో ఇంకొకరు వేలు పెట్టకూడదు. పోయిన ప్రశ్న గురించి నేను పళ్లు నూరుతుంటే, “అది పెట్టేసిన ఫోనే. వదిలెయ్, ఇంకో కాల్ వస్తోంది” అనేది.

అక్క సగటు ఒకటిన్నర సెకను. ప్రశ్న చదివే గొంతు ఆగకముందే నొక్కేసేది. ఆ సగటు మూడుకు పెరిగింది, తర్వాత ఐదుకు. మనిషి శరీరంలో ఎముకలెన్ని అని ఒకరోజు అడిగారు. శరీరం అక్క వాటా. నేను నొక్కకుండా కూర్చున్నాను. ఎనిమిది సెకన్లు గడిచినా అటునుంచి చప్పుడు లేదు. చివరికి నేనే నొక్కాను.

“నిద్రపోతున్నావా?” అని అరిచాను.

“ఫోను మొరాయించిందే” అంది.

నమ్మాను. కొత్త ఫోను కొనిచ్చాను. అయినా అంతే. నాకు ఒళ్లు మండింది. బద్ధకం పెరిగిందన్నాను, ఏమీ చదవడం లేదన్నాను, పరువు తీస్తున్నావన్నాను. పైనున్న వందలో ఒకప్పుడు ఉన్న జట్టు మాది, ఇప్పుడు మూడువేల చిల్లరలో ఉంది మరి. ఆమె ఒక్క మాటకు కూడా ఎదురు చెప్పలేదు. అక్క నాతో ఎప్పుడు వాదించకుండా ఊరుకుంది? అప్పుడైనా నాకు అనుమానం రావలసింది.

సరే, నేనే నేర్పుతానని ఆదివారాలు ఆమె ఇంటికి పోయి కూర్చున్నాను. పాత ప్రశ్నలు తీసి గడియారం ముందు పెట్టి ఆడించాను. మిషను మీద కూర్చోబెట్టి పని నేర్పే దర్జా ఒకటి నాకు వచ్చేసింది.

“గుర్తు రాకపోతే గుర్తు తెచ్చుకోవాలని కూర్చోకు. కానివి కొట్టేయ్. రెండు మిగిలాయనుకో, మనసు మొదట ఎటు పోతే అటు నొక్కేయ్. మూడో సెకను దాటనివ్వకు. మూడో సెకనుకు తెలియంది తొమ్మిదో సెకనుకూ తెలియదు.”

“మళ్లీ చెప్పవే” అంది. చెప్పాను. తన గుండ్రటి అక్షరాలతో చీటీ మీద రాసుకుంది. నేను నవ్వాను. నాలుగు వందల నంబర్లు నోటికి చెప్పే మనిషి మూడు ముక్కలు రాసుకోవడమేమిటని కూడా అడగలేదు.

స్కోరు లేచింది. మూడు నెలల్లో మళ్లీ వందలోకి వచ్చాం. వచ్చే పోయే కస్టమర్లందరికీ డప్పు కొట్టుకున్నాను. జాకెట్టు కొలతలకు వచ్చిన ఒకావిడకు మా ర్యాంకు చెబుతూ చెబుతూ చేతి కొలత తప్పు రాసుకున్నాను కూడా.

ఆ రోజుల్లోనే అక్క నన్ను పేరు పెట్టి పిలవడం మానేసింది. అన్నిటికీ ‘ఏమే’ అనేది. ముద్దు చేస్తోందనుకున్నాను. తలుపు తీయగానే నా మొహం కంటే ముందు నా మెడలోని కొలతల టేపు చూసేది. “ఇంటి నుంచా, షాపు నుంచా?” అని అడిగేది. “తిని వచ్చావా, తినాలా?” అనేది. నోరు తెరిస్తే రెండు ఆప్షన్లు. ఆట పిచ్చి తలకెక్కిందని ఆటపట్టించాను. ఆమె కూడా నవ్వింది. ఆ నవ్వులో భయం ఉందని ఇప్పుడు అనిపిస్తుంది. అప్పుడు నేను చూడలేదు.

ఒకరోజు పదకొండు గంటలకు ఆసుపత్రి నుంచి సూపర్‌వైజరు ఫోన్ చేసింది. “మీరు ఒకసారి రండమ్మా. డైరెక్టరీ గారికి ఒంట్లో ఏం కాలేదు. కానీ రండి” అంది.

జరిగింది ఇది. బడిలో పడి కాలు విరిగిన పిల్లవాడిని ఆసుపత్రిలో చేర్చారు. వాళ్లమ్మ పనిచేసే చోటు నుంచి ఫోన్ చేసి పిల్లల వార్డు కావాలంది. అక్క కలిపింది. అటువైపు మనిషి ఫోనెత్తి, రోజూ చెప్పినట్టే తన విభాగం పేరు చెప్పాడు. అది శవాగారం. ఆ తల్లి ఫోను చేతిలో ఉండగానే పడిపోయిందట. పిల్లవాడు అప్పటికి వార్డులో కట్టు కట్టించుకుని బిస్కెట్లు తింటున్నాడు. ఆమెకు ఆ సంగతి చేరడానికి ఇరవై నిమిషాలు పట్టింది. ఇరవై నిమిషాలు ఒక తల్లి తన కొడుకు లేడనే బతికింది. ఇది తలుచుకుంటే నాకు ఇప్పటికీ అన్నం సహించదు.

నేను పోయేసరికి అక్క తన గదిలో చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. కుర్చీలో ఇంకెవరో అమ్మాయి ఉంది. అక్క గోడ పక్క స్టూలు మీద ఉంది. బల్ల మీది అద్దం కింద, రోజూ భోజనం డబ్బా పెట్టి పెట్టి మరక పడిన చోట, గుండ్రటి అక్షరాల చీటీ కనిపించింది. ‘కానివి కొట్టేయ్. మనసు మొదట ఎటు పోతే అటు. మూడో సెకను దాటనివ్వకు.’



“రెండు నంబర్లు మిగిలాయే” అంది అక్క, నెమ్మదిగా. “మిగతావి కొట్టేశాను. మూడో సెకను దాటకూడదు కదా. నొక్కేశాను.”

నింద లేదు ఆ గొంతులో. చెప్పిన పని చెప్పినట్టు చేసిన బడిపిల్లలా చెప్పింది. నిందించి ఉంటే నేనూ రెండు మాటలు అని కొంత తేలికపడేదాన్ని.

“ఎన్నాళ్లుగా ఇలా?”

“నువ్వు నేర్పినప్పటి నుంచి బాగానే ఉందే. అంతకుముందే కష్టంగా ఉండేది.”

వారం తర్వాత అదే ఆసుపత్రిలో డాక్టరు పరీక్ష పెట్టాడు. అందులో నెగ్గితే నెల సెలవు తర్వాత అక్క తన కుర్చీలోకి పోవచ్చు. నెగ్గకపోతే ఇక ఆ గదిలోకి అడుగుపెట్టేది లేదు. నన్ను పక్కన కూర్చోమన్నారు, మాట్లాడవద్దన్నారు.

డాక్టరు ఐదు మాటలు చెప్పాడు. తాళం, గొడుగు, సబ్బు, నిచ్చెన, దువ్వెన. గుర్తు పెట్టుకోమన్నాడు. తర్వాత వేరే సంగతులు అడిగాడు. ఇవాళ ఏ వారమంటే అక్క నవ్వి, “మీరు ఉన్నారంటే ఆదివారం కాదు. బయట ఎముకల డాక్టరు దగ్గర గుంపు ఉంది, ఆయన సోమ, గురువారాలే వస్తారు. నిన్న చెల్లి షాపుకు సెలవు, అంటే నిన్న ఆదివారం. ఇవాళ సోమవారం” అంది. డాక్టరు మొహం చూశాను. ఆయన మోసపోయాడు. నేను నేర్పిన విద్యకు నాకే గర్వం వచ్చింది, ఆ వెంటనే సిగ్గు వచ్చింది.

“ఇందాక చెప్పిన ఐదు మాటలు చెప్పండి” అన్నాడు.

అక్క ఆగింది. గోడల వైపు చూసింది. కొట్టేయడానికి అక్కడ ఏమీ లేదు. నెమ్మదిగా నా వైపు తిరిగింది. ఒంటిగంటకు లైను కలిపినప్పుడు అవతల నేనున్నానని ఉండే ధీమా ఆ కళ్లలో ఉంది. ‘తాళం’ అనడానికి నా పెదవులు విడివడ్డాయి కూడా. చప్పుడు లేకుండా అంటే చాలు, ఆమె అందుకుంటుంది. కుర్చీ దక్కుతుంది. అప్పుడు ఫోను చేతిలో పట్టుకుని పడిపోయిన ఆ తల్లి గుర్తొచ్చింది. పెదవులు బిగించుకుని తల దించుకున్నాను. నన్ను పెంచిన మనిషికి జీవితంలో మొదటిసారి లైను కట్ చేశాను.

“ఆప్షన్లు ఇవ్వండి డాక్టరుగారూ” అంది అక్క.

“ఇక్కడ ఆప్షన్లు ఉండవమ్మా.”

“ఒక్క క్షణం లైన్లో ఉండండి” అంది. ఆయన ఉన్నాడు. అప్పుడు అక్క చేతులు ఒళ్లో పెట్టుకుని, “తెలియదండీ” అంది.

ముప్ఫయ్యొక్క ఏళ్లలో ఆ మాట అనడం అదే మొదలు. నేను బయటకు వచ్చి మెట్ల మీద కూర్చుని కుమిలి కుమిలి ఏడ్చాను.

ఇప్పుడు అక్క మా ఇంట్లోనే ఉంటుంది. పగలు నేను షాపులో ఉన్నప్పుడు ఒక నర్సు వచ్చి చూసుకుంటుంది, పక్కింటావిడ కూడా తొంగిచూసి పోతుంది. ఆట నా ఫోన్లోంచి తీసేశాను. కానీ ఒంటిగంటకు మిషను ఆపేసి ఇంటికి వస్తాను. ఆ వేళకు అక్క కిటికీ దగ్గర కుర్చీలో, బొటనవేలు అరచేతి మధ్యలో పెట్టుకుని కూర్చుని ఉంటుంది.

నిన్న టీ తీసుకుని ఆమె ముందు పేము మోడా మీద కూర్చున్నాను. నన్ను తేరిపార చూసింది. ఏమీ అందించకుండా ఊరుకున్నాను. కసురుకోకుండా ఉండటం నేర్చుకున్నాను, ఆలస్యంగానైనా. అక్క ఎడమచేతి వేళ్లు నాలుగు చాచింది.

“నర్సువు కాదు. మెడలో టేపు ఉంది” అని ఒక వేలు మడిచింది. కిటికీ బయటకు చూసింది. ఎంతసేపో చూసింది. మళ్లీ నా వైపు తిరిగి, “పక్కింటావిడవు కాదు. తలుపు కొట్టకుండా వచ్చి కూర్చున్నావు” అని ఇంకొకటి మడిచింది.

రెండు వేళ్లు మిగిలాయి. వాటిని చూస్తూ ఉండిపోయింది.

“చెల్లెలివి. లేకపోతే కూతురివి.”

“మనసు మొదట ఎటు పోయింది?” అని అడిగాను.

“కూతురు.”

“నొక్కేయ్ మరి.”

ఒక వేలు మడిచి, మిగిలినదానితో నా మోకాలి మీద నొక్కింది. “తప్పా?” అంది, నేను అరుస్తానేమోనని కొంచెం వెనక్కి జరిగి.

“కరెక్టే” అన్నాను.

అక్క మొహం వెలిగింది. “ఎన్ని సెకన్లే?”

“రెండు” అన్నాను. నా చేతిలో టీ చల్లారి పైన పొర కట్టింది.