పోలాంబ గడియలు

శ్రావణమాసమున దినములతరబడి యెడతెగక కురిసిన వాన యా యుదయమున వెలిసి మబ్బుల యంచులనుండి తొంగిచూచు లేయెండ ధవళసైకతపురపు మేడలమీఁదను బూరిండ్లమీఁదను సమముగాఁ బ్రసరించుచుండ గట్టుల నొరసి పాఱు గౌతమీనది మాత్రము శాంతింపక మ్రాఁకులను బెల్లగించుకొని యెఱ్ఱని నురుగులతో ఘూర్ణిల్లుచుండెను. పడవవాండ్రు నావలను గట్టునఁ గట్టివైచి చేతులు ముడుచుకొని కూర్చుండిరి. ఏఱు తీయువఱకు నావలిగట్టు వైద్యుఁడును నాతని మందును నీవలికి వచ్చుట కల్ల.

అట్టి వేళ యంత్రశాస్త్రపారంగతుఁడగు విశ్వంభరుఁడు తన ప్రయోగశాలలో విషజ్వరపీడితయై మంచమున నొరగియున్న పోలాంబను జూచి కన్నీరు నించుచుండెను. ఆమె యా పురమునకు మంత్రసాని. పుట్టిన క్షణముననే తల్లిని గోలుపోయిన విశ్వంభరుని నేలఁబడనీక యందుకొని మేఁకపాలు పట్టి పెంచినది యామెయే. మందు లేనిదే యామె ప్రాణములు సాయంకాలము దాఁటవని యాతఁ డెఱుఁగును.

కాలగమనమును నిలుపు తలంపుతో నాతఁడు పూర్వము పాదరసపూరితములగు నాళములను గాజుగోడలలో నమర్చి యొక గదిని నిర్మించి దాని వెలుపల నొక పెనుచక్రమును గూర్చియుండెను. చక్రము తిరుగునంతసేపు గదిలోఁ గాలము నిలిచియుండును. తొలిపరీక్షలో లోన నుంచిన మల్లెమొగ్గ సాయంకాలము గడచినను విరియలేదు గాని చక్రము త్రిప్పిన విశ్వంభరుని కణఁతలు నెరసెను. లోన నాఁగిన ప్రతిగడియకును వెలుపలఁ ద్రిప్పువాని యాయువున మాసములు తరుగుచున్నవని యప్పుడు తెలిసెను. భయపడి గదికిఁ దాళము వైచిన యాతఁడే నేఁడు దానిని దెఱచి పోలాంబను లోనఁ బరుండఁబెట్టి చక్రముపైఁ జేయి వైచెను.

మధ్యాహ్నమునకు గంజిముంతతో వచ్చిన కుమ్మరి వీరమ్మ యాతనిని జూచి నివ్వెఱపోయెను.

"ఏమయ్యా! తల దూదివలె నైనది. ఇదేమి పని?"

విశ్వంభరుఁడు దాఁపక సర్వమును జెప్పి "నా యాయువంతయు నామె పెట్టిన భిక్షయే. ఆమెకే యిచ్చెదను. నీవు పొమ్ము." అనెను.

వీరమ్మ ముంత క్రిందఁబెట్టి కొంగు నడుమునఁ జెక్కి "ఆ తల్లి చేతిలోఁ బడినవాఁడవు నీ వొక్కఁడవే యనుకొంటివా? నేనును బడితిని. నా బిడ్డలును బడిరి. జరుగుము." అని చక్రమును బట్టుకొనెను.

ఆ మాట యూరంతయుఁ బ్రాఁకెను. కమ్మరులును సాలెలును బురోహితులును బడవవాండ్రును రేయింబవళ్లు వచ్చి యొక్కొక్క గడియ చొప్పునఁ ద్రిప్పిరి. పసివారిని మాత్రము విశ్వంభరుఁడు దరిఁజేరనీయఁడయ్యె. కొసరడిగినవారిపైఁ గస్సుమను వర్తకుఁడు గురవయ్య తన వంతు ముగిసినను బిడి విడువక "చచ్చిపుట్టితినని పాఱవేయఁబోయిన నన్ను నామె యూఁది బ్రదికించినది. ఇంకొక్క గడియ కొసరు త్రిప్పనిండు." అని బ్రతిమాలెను. విశ్వంభరుఁడు గోడ కొరగి యొక్కొక్కరికిఁ జేతులు మోడ్చుచుఁ బసివానివలె నేడ్చెను.

ఏఱు తీసెను. వైద్యుఁడు వచ్చెను. చక్ర మాఁగిన తోడనే మందు పోలాంబ గొంతు దిగెను. జ్వరము విడిచి కన్నులు విప్పిన యామె "ఒరే విశ్వా! ప్రొద్దున నల్లగా నున్న తల యిట్లు తెల్లనైన దేమిరా?" అని యడిగి జరిగినది విని గుండె బాదుకొనెను.

"పండుటాకునకు మీ పచ్చని దినములు పోసితిరా! వెఱ్ఱివారలారా! నే నేమిచ్చుకొందును?"

"నీవు ముందే యిచ్చితివి తల్లీ." అనెను వీరమ్మ.

పోలాంబ మంచము దిగిన తొలినాఁడే కమ్మరివాని కోడలికి నొప్పులు వచ్చెను. వలదన్నవారిని గసరి యామె కఱ్ఱ యూఁతగాఁ బోయి బిడ్డ నందుకొనెను. శిశువు కెవ్వుమన్నంతనే వాకిట జగడము పుట్టెను. ఆ బిడ్డ తా నిచ్చిన గడియలోనే పుట్టెనని యొకరు కాదు తన గడియలోనే యని యొకరు వాదులాడిరి. కొసరు గడియ నాదే యని గురవయ్య యందఱికంటెను బిగ్గఱగా నఱచెను. పోలాంబ గడపకు వచ్చి నవ్వుచు నా బిడ్డను వరుసగా నందఱి చేతులలోనుఁ బెట్టెను.

తన వంతు వచ్చినప్పుడు విశ్వంభరుఁ డా పసిమోమును దన నెరసిన గడ్డమునకుఁ జేర్చుకొనెను. ఒక్క బ్రతుకున నెందఱి గడియలు కలసియున్నవో కొలుచు యంత్రమును మాత్ర మాతఁ డెన్నఁడును నిర్మింపఁబూనలేదు.