మేనమామ మొక్కు

నేపాల్ సరిహద్దు ఊరు కాకర్‌భిట్టాలో, మేచీ నది వంతెన ఎక్కి ఇండియాకు పోబోయే ఆడపిల్లల్ని ఆపి ఆరా తీయడం నా పని. ఒకప్పుడు నన్నూ ఓ దొంగ అన్నయ్య ఈ వంతెన దాటించి అవతల అమ్మేశాడు. అందుకే వరసలు కలుపుకుని వచ్చేవాణ్ణి చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. కాస్త ఆటపట్టించాలనీ అనిపిస్తుంది.

ఆ రోజు రిక్షా దిగినవాడి పేరు టేకేంద్ర. నున్నగా దువ్విన జుట్టు, చేతిలో వెంట వచ్చిన పిల్ల సంచి. పిల్ల హిమ్‌కలాకు పదహారేళ్ళు కూడా ఉండవు.

"ఎవరమ్మా ఈయన?"

"మా మేనమామ," అంది, పాఠం అప్పజెప్పినట్టు.

"అవతల సిలిగురి ఆస్పత్రిలో దీనికి కళ్ళు చూపించాలి," అన్నాడు వాడు.

పిల్ల కళ్ళకు ఏ రోగమూ లేదు, వాడి మీంచి పక్కకు రావడం లేదంతే. మేనమామను అలా చూసే పిల్ల మా కొండల్లో ఉండదు. మాలో మేనమామే మేనకోడలి కాళ్ళకు మొక్కుతాడు. ఆమెతో పెళ్ళి అనుకోవడమే మహాపాపం.

"మంచిది మామయ్యా. నది దాటబోతున్నావు, మేనకోడలి కాళ్ళకు మొక్కి బయల్దేరు. పుణ్యం ఊరికే పోతుందా?"

నీళ్ళు నములుతాడనుకున్నాను. వాడు మాత్రం సంచి కింద పెట్టి చటుక్కున వంగాడు.

హిమ్‌కలా నిప్పు తొక్కినట్టు వెనక్కి గెంతింది. "వద్దండీ, మీరు నాకు మొక్కకూడదు. రేపు గుళ్ళో మన పెళ్ళని కదా..."

నోరు మూసుకుంది కానీ మాట బయటికొచ్చేసింది.

"పిచ్చిదానా, ఉత్తుత్తికే," అని గొణిగాడు వాడు, ఇంకా వంగే ఉండి.

"నడుం పట్టేసిందా మామయ్యా? ఉండు, పోలీసన్న లేపుతాడు," అన్నాను. పక్కనే ఉన్న పోలీసు వాడి కాలరు పట్టుకుని చెక్‌పోస్టు లోపలికి తీసుకుపోయాడు.

పిల్ల నామీద విరుచుకుపడుతుందని కాచుక్కూర్చున్నాను. చాలామంది అదే చేస్తారు, ఒకతె నా చెయ్యి కొరికింది కూడా. ఈ పిల్ల నేనిచ్చిన టీ తాగకుండా తన కాళ్ళకేసే చూస్తూ కూర్చుంది.

"ఎంత అలవాటుగా వంగాడో చూశావా అక్కా? నాకంటే ముందు ఎంతమందికి మొక్కాడో."