పెళ్ళికూతురి వైపు గాలి

పూరింగ్ తన కొడుకు పెళ్ళికొచ్చింది గానీ కొడుకు వైపు చూడడం లేదు. చర్చిలో ముందు బెంచీలో కూర్చుని, పీఠానికి చెరో పక్కా వెలుగుతున్న రెండు కొవ్వొత్తులనే కళ్ళల్లో వత్తులు వేసుకుని చూస్తోంది. ఎడమది పెళ్ళికూతురు లిగాయాది. కుడిది ఆమె కొడుకు క్రిసాంతోది. పూజ ముగిసేలోగా ఎవరి వైపు కొవ్వొత్తి ఆరిపోతే ఆ ఇద్దరిలో వాళ్ళే ముందు పోతారని పెద్దల మాట. ఈ మాట ఫాదర్ అన్సెల్మో చెవిన పడితే ఆయన మండిపడతాడు. ఆయనకేం? పెళ్ళి చేసుకున్నాడా, మొగుణ్ణి పోగొట్టుకున్నాడా?

పూరింగ్ పోగొట్టుకుంది. ఆమె పెళ్ళిలో మొగుడు మెల్చోర్ వైపు కొవ్వొత్తి ఆరిపోతే అందరూ నవ్వారు, ఆమె కూడా నవ్వింది. క్రిసాంతోకి నడక రాకముందే మెల్చోర్ పడవ తుఫానులో పోయింది. శవం కూడా దొరకలేదు. ఇప్పుడు ఆ పిల్లవాడే పెద్దవాడై సరుకు ఓడల్లో పనిచేస్తున్నాడు. వచ్చే నెలలో మళ్ళీ ఓడ ఎక్కాలి. తల్చుకుంటేనే ఆమెకు భయం.

అందుకే ఇవాళ పొద్దున అందరికంటే ముందొచ్చి ఒక పని చేసింది. పాటలవాళ్ళ పక్కన నిలబెట్టిన పెద్ద ఫ్యాన్ అటూ ఇటూ తిరుగుతూ రెండు వైపులా గాలి విసురుతుంది. మే నెల ఉక్కలో దాన్ని ఆపేయమంటే జనం ఊరుకోరు. చర్చి పనులు చూసే కీకోని పిలిచి, "పెళ్ళికూతురి అమ్మమ్మకి గాలాడదు నాయనా, దీన్ని ఆవిడ వైపు తిప్పి, అటూ ఇటూ తిరక్కుండా నిలిపెయ్" అంది. అతను తిరగకుండా ఆపే బొత్తాం నొక్కేశాడు. గాలి ఎటో ఒక వైపు పోవాలి కదా అని తనకు తానే సర్దిచెప్పుకుంది. ఆ ఎటో ఒక వైపున ఎవరి కొవ్వొత్తి ఉందో ఆమెకు తెలియక కాదు.

పూజకు ముందు వియ్యపురాలు తెర్సిటా వచ్చి ఆమె రెండు చేతులూ పట్టుకుంది.

"ఫ్యాను మా వైపు పెట్టించింది మీరేనట కదా వదినా! మా అమ్మ పొద్దుట్నుంచీ మిమ్మల్నే తలుచుకుంటోంది. కన్నకూతుర్ని నాకే తట్టలేదు, మీకు తట్టింది."

"దాందేముంది లెండి వదినా," అంది పూరింగ్, చేతులు విడిపించుకుంటూ.

ఇప్పుడు ఆ ముసలావిడ ఎడమ వైపు ముందు బెంచీలో హాయిగా కళ్ళు మూసుకుని గాలికి సేదతీరుతోంది. ఆవిడకు కొద్ది దూరంలోనే లిగాయా కొవ్వొత్తి మంట పక్కకు వాలిపోయి కొట్టుకుంటోంది. క్రిసాంతోది నిటారుగా ఉంది.

మేలిముసుగు వేసే జంట వచ్చింది. లిగాయా తల మీంచి క్రిసాంతో భుజం మీదికి ముసుగు పరిచి పిన్నులు పెట్టారు. గాలికి దాని అంచు లేచిపోతుంటే ఆ పిల్ల చేత్తో అదుముకుంది. తరవాత ఇంకో జంట వచ్చి పట్టుతాడును ఎనిమిది అంకెలా మెలిపెట్టి ఇద్దరి మెడల్లో వేసింది. అందరూ తలలు వంచారు. ఫాదర్ అన్సెల్మో దీవెన చదవడం మొదలుపెట్టాడు.

లిగాయా మంట నీలంగా, గింజంత అయింది. మళ్ళీ లేచింది. మళ్ళీ కుంగింది.

ఆరితే ఆరనీ, ఒక పని అయిపోతుంది అనుకుంది పూరింగ్. అనుకున్న మరుక్షణం ఆ మాటకు తనే ఉలిక్కిపడింది. ఏ పని అయిపోతుంది? డెంగీ జ్వరంతో తను లేవలేక పడి ఉన్నప్పుడు, కొడుకు ఎక్కడో సముద్రం మధ్యలో ఉన్నప్పుడు, తల ఒళ్ళో పెట్టుకుని చెంచాతో గంజి తాగించింది ఈ పిల్లే. అప్పటికింకా పెళ్ళి మాటైనా అనుకోలేదు. ఆ పిల్ల చావును తను బొత్తాం నొక్కించి మరీ పిలుస్తోంది. పైగా వాళ్ళ చేత దండాలు పెట్టించుకుంటోంది. పూరింగ్‌కి తన మీద తనకే అసహ్యం వేసింది.

లేచి నిలబడింది.

పక్కనున్న పెళ్ళిపెద్ద బెలెన్ ఆమె గౌను పట్టి లాగింది. "ఏమిటే, ఒంటికా? దీవెన అయ్యేదాకా ఓర్చుకోలేవూ!"

"వదలవే," అంది పూరింగ్.

దీవెన మధ్యలో, అంతమంది ముందు, చెప్పులు టకటకలాడించుకుంటూ పీఠం ఎదురుగా అడ్డం పడి నడిచింది. ఫాదర్ చదవడం ఆపి కళ్ళజోడు మీంచి చూశాడు. ఫ్యాన్ దగ్గరికి చేరి స్విచ్ కోసం తడుముతుండగానే వెనక తెర్సిటా కెవ్వున అరిచింది.

లిగాయా కొవ్వొత్తి ఆరిపోయింది.

తెర్సిటా రెండు చేతులతో నోరు మూసుకుని ఏడుస్తోంది. ముసలావిడ కళ్ళు తెరిచి, ఏమైంది, ఏమైంది అంటోంది. పూరింగ్ ఫ్యాన్ ఆపి, దాని కడ్డీనే పట్టుకుని నిలబడిపోయింది. క్రిసాంతో తల తిప్పి ఆమెను చూశాడు. ఫ్యాన్‌ను చూశాడు. తల్లి మొహంలో ఉన్నది చదవడానికి వాడికి ఎంతోసేపు పట్టలేదు.

మెడలో తాడుతో, భుజాన ముసుగుతో, లిగాయాను కూడా లేవదీసుకుని తన కొవ్వొత్తి వైపు రెండడుగులు వేశాడు. వంగి ఉఫ్‌మని ఊదేశాడు.

"ఒరేయ్!" అంది పూరింగ్.

"ఇంక ముందెవరు వెనకెవరు అని ఏడవక్కర్లేదు," అన్నాడు క్రిసాంతో. "రామ్మా. రెండూ నువ్వే వెలిగించు."

"వెలిగించమ్మా, వెలిగించు," అన్నాడు ఫాదర్ విసుగ్గా. "నా దీవెన మధ్యలో ఆగిపోయింది."

ఎవరో అగ్గిపెట్టె చేతిలో పెట్టారు. పూరింగ్ తెర్సిటా ఎదుట ఆగింది.

"వదినా, మీ అమ్మగారి కోసం కాదు. నేను... నా కొడుకు కోసం తిప్పించాను."

తెర్సిటా అర్థంకానట్టు చూసింది. అర్థమయ్యాక మొహం తిప్పేసుకుంది. ముసలావిడ మాత్రం, "చల్లగా ఉండమ్మా," అంటూనే ఉంది. పూరింగ్ ముందు లిగాయా కొవ్వొత్తి వెలిగించింది. అది నిలబడేదాకా అరచెయ్యి అడ్డం పెట్టింది. తరవాత కొడుకుది. చెయ్యి వణికి పుల్ల ఆరిపోయింది. రెండోదీ ఆరిపోయింది.

లిగాయా చెయ్యి చాచి ఆమె మణికట్టు గట్టిగా పట్టుకుంది. పట్టు నొప్పెట్టేంత బిగువుగా ఉంది.

"అటూ ఇటూ తిరగాల్సిన ఫ్యాన్ మా వైపే ఎందుకు ఆగిందో నేను లోపలికి రాగానే తెలిసిపోయింది అత్తయ్యా," అంది, ఆమెకొక్కదానికే వినబడేలా.

"తెలిసి... నోరెత్తలేదేమే?"

"మీరు లేస్తారా, లేవరా అని చూస్తూ కూర్చున్నాను. లేవకపోతే మాత్రం జీవితంలో మిమ్మల్ని అత్తయ్యా అని పిలిచేదాన్ని కాదు."

పూరింగ్ ఇంకో పుల్ల గీసింది. ఆ పిల్ల చెయ్యి వదలలేదు.