నడిచేవాళ్ళ నెంబరు

1971 జనవరి 19, మంగళవారం. ఆ పొద్దు నేను తిన్నది రెండు జొన్నరొట్టెలు, పుంటికూర పప్పు. రొట్టెలు నేనే చేసుకున్నవి. ఒకటి అంచు మాడింది. నా భార్య సుమిత్రమ్మ పోయాక అది రెండో చలికాలం. పిండి తట్టడం అప్పటికి చేతికొచ్చింది కానీ, పెనం మీద ఎప్పుడు తిప్పాలో పక్కనుండి చెప్పే మనిషి లేదు.

అప్పట్లో నేను నిజామాబాదులో ఒక ఆసుపత్రిలో రికార్డు గుమాస్తాను. డాక్టర్లు రాసిన కాగితం చదివి, ప్రతి రోగానికీ ప్రతి దెబ్బకూ ఒక లావుపాటి పుస్తకంలో నెంబరు వెతికి వేయడం నా పని. విరిగిన చేతికి ఒక నెంబరు. అది ఎట్లా విరిగిందో చెప్పేందుకు ఇంకొకటి. చెరకు కాలం వచ్చిందంటే ఆ రెండో నెంబర్లతోనే తెల్లవారేది. బోధన్ చక్కెర ఫ్యాక్టరీకి చెరకు మోసుకుపోయే ఎడ్లబండ్లు రోడ్డు పొడుగునా నిలబడేవి. బండ్ల సందుల్లో సైకిళ్ళు, సైకిళ్ళ సందుల్లో మనుషులు. సైకిలు మీదినుంచి తనంతట తాను పడ్డవానికి ఒక నెంబరైతే, నడిచిపోతుంటే సైకిలు గుద్దినవానికి వేరే నెంబరు. ఎడపల్లి దాటగానే చలిగాలిలో వచ్చే ఆ చెరకు మడ్డి వాసన తలుచుకుంటే ఈ నెంబర్లన్నీ మళ్ళీ గుర్తొస్తాయి.

ఆ రోజు నా బల్ల మీదికి వచ్చిన కాగితం శారమ్మది. ఎడపల్లి చుట్టుపక్కల ఊళ్ళకు సైకిలు మీద పోయి కాన్పులు చేసే నర్సు. డాక్టర్ శ్యామలమ్మ చేతిరాతలో ఇట్లా ఉంది: ‘సైకిలు మీదినుంచి పడింది. ఎడమ మణికట్టు విరిగింది. కుడి పిక్క వెనక మడ్గార్డు కోసిన గాటు.’

నా కలం ఆగిపోయింది. దసరా ముందు ఇంకో నర్సు సైకిలుతో సహా కాలువలో పడితే, పై ఆఫీసునుంచి ఒక ఆర్డరు వచ్చింది. ఇంకొక్కరు సైకిలు మీదినుంచి పడ్డా, నర్సమ్మల సైకిళ్ళన్నీ వాపసు తీసుకుంటారట. ఆ ఊళ్ళకు బస్సులు లేవు. సైకిలు పోతే శారమ్మ పోలేదు, శారమ్మ పోకుంటే అక్కడ కాన్పు దేవుడి మీద భారం. నెలాఖరుకు ఎందరు పడ్డారో లెక్క పోయేది నా బల్ల మీదినుంచే.

అబద్ధపు నెంబరు వేయలేను. కానీ తనంతట తాను పడ్డ మనిషికి పిక్క వెనక మడ్గార్డు ఎట్లా కోస్తుంది? లేచి ఆడవాళ్ళ వార్డుకు పోయాను.

శారమ్మ చేతికి సిమెంటు కట్టుతో దిండుకు ఆనుకొని ఉంది. పక్కన ఆయా ఇస్మత్ బీ గ్లాసులో చాయ్ ఊది చల్లారుస్తున్నది.

“ఎట్ల పడ్డవు శారమ్మా?”

“ఎట్ల పడ్తరు సారూ? సైకిలు కింద, నేను మీద పడ్డ.”

“మరి పిక్క వెనకాల గాటు ఏంది?”

“నా సైకిలే కోసింది.”

“నీ సైకిలుకు కండ్లున్నయా, వెనకకు తిరిగి కోసేటందుకు?”

ఇస్మత్ కిసుక్కున నవ్వింది. “చెప్పరాదే! సాబ్ పోలీసోడా? పెన్సిలు పోతేనే నలుగురిని బతిమాలుకుంటడు.”

శారమ్మ కుడిచేత్తో చాయ్ గ్లాసు అందుకుంది.

“ఎడ్లు బెదురుతయని నేను దిగి, సైకిలు పట్టుకొని నడుస్తున్న సారూ. వెనకనుంచి ఒకడొచ్చి గుద్దిండు. వాని సైకిలుకు బిరేకుల్లేవు, వానికి సోయి లేదు. పెండ్లాం నొప్పులు పడుతుందని నన్ను తోలుకపోను వస్తున్నడట! నన్నే పడగొట్టిండు.”

“మరి కాన్పు?”

“వాడు ఏడుస్తుంటే చెరకు బండి ఎక్కి పోయిన. ఒక్క చెయ్యి నాది, రెండు చేతులు వాళ్ళవ్వవి. మొగపిల్లగాడు పుట్టిండు. ఇగ నేను వాని పేరు చెప్తే ఠాణాల కూసోబెడ్తరు. పచ్చి బాలింతకు నీళ్ళెవరు కాస్తరు? సైకిలు పోతే పోనియ్యి సారూ. నేనే పడ్డ, గంతే.”

నేను తిరిగొచ్చి పుస్తకం తెరిచాను. నాకు తెలిసిన మాటే అయినా కళ్ళతో మళ్ళీ చదవాలనిపించింది. ఆ ఘడియకు ఏ బండి మీదా ఎక్కి లేని మనిషి పాదచారి. చేతిలో సైకిలున్నా సరే, నడుస్తున్నవాడు నడుస్తున్నవాడే. ఇక పాదచారిని ఏది గుద్దిందని అడిగింది పుస్తకం. సైకిలా, ఎడ్లబండా, మోటారా అని. ఎవరు గుద్దారని అందులో ఎక్కడా అడగలేదు. ఏళ్ళ తరబడి ఆ పుటలు తిప్పినా ఆ దయ నాకు అప్పటిదాకా కనబడలేదు.

పుస్తకం పట్టుకొని శ్యామలమ్మ గారి గదికి పోయాను. మొత్తం విని ఆమె కలం మూత తీసింది.

“గుద్దింది ఎవరో అడిగినవా రాజారాం?”

“ఆమె చెప్పలేదమ్మా. నేను అడగలేదు. ఏది గుద్దిందో తెలిస్తే నా పుస్తకానికి చాలు.”

“ఈ పుస్తకం రాసినోళ్ళ ఇంట్లో బాలింత ఉన్నట్టున్నది!” అని నవ్వింది. తర్వాత తానే వార్డుకు పోయి శారమ్మను అడిగింది. ఫిర్యాదు లేదని అనిపించుకొని, మొదటి వాక్యం కొట్టేసి, ‘సైకిలు పట్టుకొని నడుస్తుండగా వెనకనుంచి ఇంకొక సైకిలు తగిలింది’ అని రాసి సంతకం పెట్టింది. నేను నడిచేవాళ్ళ నెంబరు వేశాను. నర్సమ్మల సైకిళ్ళు నర్సమ్మల దగ్గరే ఉండిపోయాయి.

దీపాలు పెట్టే వేళకు ఇంటికి పోబోతూ వార్డు ముందు ఆగాను. గడప బయట ఒక పడుచువాడు, భుజం మీద శారమ్మ సైకిలు. వంకరపోయిన చక్రం సరిచేయించి తెచ్చాడు.

“దాన్ని నడిపించుకొని రావొచ్చు గదరా?” అంది శారమ్మ లోపలినుంచి.

“మళ్ళ ఎవరికన్న తగుల్తదేమోనని భయమైంది అక్కా.”

“పోరగాడు ఎట్లున్నడు?”

“పాలు తాగుతున్నడు. నీ పేరు పెడదామంటే మొగోడైపాయె.”

“నీ పేరు మాత్రం ఇక్కడ చెప్పకు. సారు నిలబడ్డడు.”

వాడు నన్ను చూసి బెదిరి చేతులు జోడించాడు. నేను వాని వైపు చూడకుండా సైకిలును చూశాను. తుడిచి, గొలుసుకు నూనె వేసి తెచ్చాడు.

ఇస్మత్ ఆ సైకిలును దుప్పట్లు పెట్టే గదిలోకి నడిపించుకుపోయి గోడకు ఆనించింది. నిద్రపోతున్న వాళ్ళు లేస్తారని, రెండు చేతులతో తలుపును మెల్లగా దగ్గరికి వేసింది.